పది దాకా కోదాడలో, ఇంటర్ విజయవాడలో: మా బాబు ఎక్కడ లోకల్?

కోదాడ_నాన్న | సెప్టెంబర్ 2, 2025, రాత్రి 10:20

అందరికీ నమస్కారం. ఇక్కడ రాయడం ఇదే మొదటిసారి. మెడికల్ సీట్లలో లోకల్‌గా లెక్కకు రావాలంటే ఇంటర్‌తో ముగిసేలా వరుసగా నాలుగేళ్లు తెలంగాణలోనే చదవాలన్న నిబంధనను నిన్న సుప్రీంకోర్టు సమర్థించిందని టీవీలో చూసినప్పటి నుంచి మా ఇంట్లో ఎవరికీ అన్నం సహించడం లేదు.

మాది కోదాడ. మా నాన్న, తాత అందరూ ఇక్కడే పుట్టి పెరిగారు. బాబు ఒకటి నుంచి పది దాకా కోదాడలోనే చదివాడు. డాక్టర్ అవుతానని ఏడో తరగతి నుంచీ అంటున్నాడు. 2024 జూన్‌లో విజయవాడలో ఇంటర్ బైపీసీలో చేర్పించి హాస్టల్‌లో ఉంచాం. మాకు విజయవాడ రెండు గంటల దారి, హైదరాబాద్ వెళ్లాలంటే దానికి దాదాపు రెట్టింపు. మా ఊరి నుంచి పిల్లల్ని అటు పంపడం కొత్తేమీ కాదు. మా వీధిలోనే నలుగురు పిల్లలు అలా చదివి వచ్చి ఇక్కడ మెడికల్ సీట్లు తెచ్చుకున్నారు.

చేర్చేటప్పుడు లోకల్ సంగతి కాలేజీవాళ్లను అడిగాను. "ఆరు నుంచి పది దాకా మీ దగ్గరే చదివాడు కదండీ, ఏడేళ్లలో ఐదేళ్లు తెలంగాణే, లోకల్ అవుతాడు, భయం లేదు" అన్నారు. ఫీజు కట్టి వచ్చాం. బాబు చేరింది జూన్‌లో. ఈ నాలుగేళ్ల నిబంధన తెచ్చిన జీవో 33 వచ్చింది జూలై 19న. నాకు ఆ సంగతి తెలిసేసరికి దసరా సెలవులు. కేసు సుప్రీంకోర్టులో ఉంది, చివరికి పిల్లలకే అనుకూలంగా వస్తుంది, మధ్యలో టీసీ తెచ్చి చదువు పాడు చేయొద్దు అని అందరూ అన్నారు. ఆగాను.

ఇప్పుడు సెకండియర్. వచ్చే మేలో నీట్. ఇప్పుడైనా తీసుకొచ్చి కోదాడలో చేరిస్తే లోకల్ అవుతాడా? ఇక్కడ కాకపోతే ఆంధ్రలో అయినా అవుతాడా? మళ్లీ కోర్టుకు వెళ్తే ఉపయోగం ఉంటుందా? తెలిసినవాళ్లు చెప్పండి. బాబుకి ఇంకా ఏమీ చెప్పలేదు.

ఖమ్మం_పద్మ | సెప్టెంబర్ 2, రాత్రి 11:05

అన్నా, మీ పోస్టు చదువుతుంటే నిరుటి ఆగస్టు కళ్ల ముందుకొచ్చింది. మా అమ్మాయిది కూడా ఇదే కథ. పది దాకా ఖమ్మం, ఇంటర్ గుంటూరు. 2024 మే 5న నీట్ రాసింది, ర్యాంకు వచ్చింది, సీటు ఖాయమని బంధువులకు స్వీట్లు కూడా పంచాం. తర్వాత జీవో వచ్చింది. వివరంగా రేపు రాస్తాను. వకీలు గారు ఈ గ్రూపులోనే ఉన్నారు, ఆయన చెప్పేది ముందు వినండి. మీరు అన్నం తినండి.

హనుమకొండ_వకీలు | సెప్టెంబర్ 3, ఉదయం 6:50

కోదాడ అన్నగారూ, మీ మూడు ప్రశ్నలకు ముందు సూటిగా జవాబు చెప్తాను, తర్వాత కారణాలు.

ఇప్పుడు తీసుకొచ్చి చేర్చినా లోకల్ కాడు. ఆంధ్రలోనూ కాడు. ఇదే కారణంతో మళ్లీ హైకోర్టుకు వెళ్లి డబ్బు పోగొట్టుకోవద్దు. ఈ మాటలు రాయడం నాకూ కష్టంగానే ఉంది. కానీ మీకు తప్పుడు ఆశ పెట్టేవాళ్లు ఈ వారం చాలామంది వస్తారు, అందుకే మొదట్లోనే చెప్తున్నాను.

ఇప్పుడు కారణాలు. 1969 తెలంగాణ ఉద్యమం, 1972-73 జై ఆంధ్ర ఉద్యమం తర్వాత ఆరు సూత్రాల పథకం వచ్చింది. దాని కోసం 32వ సవరణతో రాజ్యాంగంలో 371డి అధికరణం చేర్చారు. దాని కింద 1974లో రాష్ట్రపతి ఉత్తర్వు వచ్చింది. కాలేజీ సీట్లలో 85 శాతం స్థానిక అభ్యర్థులకు ఇవ్వాలన్నది అక్కడి నుంచి వచ్చిందే. ఆంధ్రా యూనివర్సిటీ ప్రాంతం, ఉస్మానియా ప్రాంతం, శ్రీ వెంకటేశ్వర ప్రాంతం అని మూడు స్థానిక ప్రాంతాలు ఉండేవి. నేను జూనియర్‌గా చేరినప్పుడు మా సీనియర్ గారి బల్ల మీద 1979 నాటి జీవో 646 కాపీ ఒకటి మడతలు చిరిగిపోయి ఉండేది. ప్రతి జూలైలో ఎవరో ఒక తండ్రి వచ్చి ఆ కాపీ ముందు కూర్చునేవాడు.

ఇందులో ఒక్క మాట గుర్తుపెట్టుకోవాలి. "లోకల్" అంటే పుట్టిన ఊరు కాదు, ఓటరు కార్డు కాదు, భూమి పాసుపుస్తకం కాదు. ఎక్కడ చదివాడు అన్నదే ముఖ్యం. ఇంటర్ పరీక్ష రాసిన ఏడాదితో ముగిసేలా వరుసగా నాలుగేళ్లు ఒకే స్థానిక ప్రాంతంలో చదివి ఉండాలి. అంటే తొమ్మిది, పది, ఇంటర్ రెండేళ్లు. ఇది మొదటి నుంచీ ఉన్న లెక్క. ఇది కుదరని పిల్లల కోసం రెండో దారి ఒకటి ఉండేది. ఏడేళ్ల చదువు చూసి, అందులో ఎక్కువ కాలం ఎక్కడ చదివితే అక్కడ లోకల్ అనేవారు. మీకు కాలేజీవాళ్లు చెప్పింది ఆ రెండో దారి గురించే. 2017 నిబంధనల్లో అది ఉంది. మీరు చేర్చిన రోజున వాళ్లు చెప్పింది అబద్ధం కాదు.

విభజన చట్టం 95వ సెక్షన్ ప్రకారం పదేళ్లు ఉమ్మడి ప్రవేశాలు కొనసాగాయి. 2024 జూన్ 2తో అది అయిపోయింది. ఆ తర్వాత తెలంగాణ ప్రభుత్వం జూలై 19న జీవో 33తో మెడికల్, డెంటల్ ప్రవేశాల నిబంధన మార్చింది. ఏడేళ్ల దారి పోయింది. వరుస నాలుగేళ్లు తెలంగాణలో చదవాలి, ఆ పరీక్ష కూడా తెలంగాణ నుంచే పాస్ కావాలి. ఏ విద్యాసంస్థలోనూ చేరకుండా ప్రైవేటుగా చదివినవాళ్లకు మాత్రం చదువు బదులు నాలుగేళ్ల నివాసం చూస్తారు.

మీ బాబుకి ఫస్టియర్ విజయవాడలో అయిపోయింది. గొలుసు అక్కడే తెగింది. సెకండియర్ ఇక్కడ చదివినా ఆ తెగిన చోటు అతకదు. ఆంధ్రలో లోకల్ కావాలన్నా అక్కడ వరుసగా నాలుగేళ్లు ఉండాలి, బాబుకి ఉండేది రెండే. ఏడేళ్ల లెక్క వేసినా ఐదేళ్లు తెలంగాణవే. రెండు చోట్లా నాన్ లోకల్.

కోర్టు విషయం సాయంత్రం రాస్తాను, ఇప్పుడు కేసుంది.

కోదాడ_నాన్న | సెప్టెంబర్ 3, ఉదయం 7:15

రెండు చోట్లా నాన్ లోకల్ అనే మాట మూడుసార్లు చదివాను సార్. అంటే మా వాడు ఎక్కడివాడూ కాదా?

జనగామ_డాక్టర్ | సెప్టెంబర్ 3, మధ్యాహ్నం 1:30

కోదాడ అన్నా, మీ బాధ అర్థమైంది. కానీ ఈ నిబంధన ఎందుకు కావాలో చెప్పేవాళ్లు కూడా ఒకరు ఉండాలని రాస్తున్నాను, తప్పుగా అనుకోవద్దు.

నేను జనగామ దగ్గర పల్లెలో, సర్కారు బడిలో చదివాను. మా నాన్న హమాలీ. నన్ను విజయవాడ పంపే స్తోమత మాకు లేదు. తొమ్మిది నుంచి ఇంటర్ దాకా ఉన్న ఊళ్లోనే, ఉన్న కాలేజీలోనే చదివి కాకతీయ మెడికల్ కాలేజీలో సీటు తెచ్చుకున్నాను. రాష్ట్రం వచ్చినప్పుడు ఇక్కడ సర్కారు మెడికల్ కాలేజీలు ఐదే: ఉస్మానియా, గాంధీ, కాకతీయ, ఆదిలాబాద్, నిజామాబాద్. ఇప్పుడు ముప్పైకి పైగా ఉన్నాయి. ఇవన్నీ కట్టింది ఇక్కడ డాక్టర్లు లేకనే. నేను ఏరియా ఆసుపత్రిలో పనిచేసినప్పుడు పిల్లల డాక్టర్ పోస్టు ఖాళీగానే ఉండేది. రాత్రిపూట నిమోనియాతో వచ్చిన పసిపిల్లల్ని అంబులెన్స్ ఎక్కించి వరంగల్ పంపేవాళ్లం. ఇక్కడి సర్కారు కాలేజీలో, ఇక్కడి క్లాసు గదుల్లో కూర్చున్న పిల్లవాడికి ముందు అవకాశం ఇవ్వడం తప్పా?

బయట చదివించగలిగినవాళ్లకు, ఇక్కడే ఉండిపోయినవాళ్లకు మధ్య పోటీ సమానం కాదు. ఆ తేడాని ఈ నిబంధన కొంత సరిచేస్తుంది. నా అభిప్రాయం ఇది.

ఖమ్మం_పద్మ | సెప్టెంబర్ 3, సాయంత్రం 5:40

డాక్టర్ గారూ, మీ నాన్నగారి గురించి చదివి కళ్లు చెమర్చాయి. కానీ మా సంగతి కూడా వినండి. మా ఆయనది కిరాణా కొట్టు. గుంటూరు హాస్టల్ ఫీజు కోసం నా గాజులు తాకట్టు పెట్టాం, ఇంకా విడిపించలేదు. బయట చదివించినవాళ్లంతా ఉన్నవాళ్లు కాదండీ.

ఇంకో మాట. ఎక్కడి నుంచో ట్రాన్స్‌ఫర్ మీద హైదరాబాద్ వచ్చిన వాళ్ల పిల్లవాడు తొమ్మిది నుంచి ఇంటర్ దాకా ఇక్కడ చదివితే లోకల్. తర్వాత వెళ్లిపోయినా ఎవరూ అడగరు. ఖమ్మంలో పుట్టి, ఖమ్మంలోనే ఉండబోయే నా కూతురు నాన్ లోకల్. రేపు డాక్టరై ఎక్కడ ఉంటారన్నదే మీ లెక్క అయితే, ఈ కొలబద్ద దాన్ని కొలవడం లేదు.

మా కథ చెప్తానన్నాను కదా. నోటిఫికేషన్ చూసి రెండు రోజులు ఏడ్చాం. మా అన్నయ్య హైదరాబాద్‌లో ఒక వకీలును చూశాడు. మాలాంటి తల్లిదండ్రులు చాలామంది కలిశారు. 2024 సెప్టెంబర్ 5న హైకోర్టులో చీఫ్ జస్టిస్ అలోక్ అరాధే, జస్టిస్ జె. శ్రీనివాస్ రావు గార్ల బెంచి తెలంగాణ శాశ్వత నివాసులకు ఆ నాలుగేళ్ల షరతు వర్తించదని తీర్పు ఇచ్చింది. ఆ రాత్రి మా ఇంట్లో దీపావళి. పదిహేను రోజులకే, సెప్టెంబర్ 20న సుప్రీంకోర్టు స్టే. కానీ హైకోర్టుకు వెళ్లిన 135 మంది పిల్లల్ని ఈ ఒక్కసారికి కౌన్సెలింగ్‌కు రానిస్తామని ప్రభుత్వం చెప్పింది. మా అమ్మాయి ఆ 135లో ఉంది. ఇప్పుడు ఎంబీబీఎస్ చదువుతోంది.

అసలు చెప్పాలనుకున్నది ఇది. గుంటూరు హాస్టల్లో మా అమ్మాయి రూమ్మేట్, సత్తుపల్లి పిల్ల, మా అమ్మాయి కంటే మంచి ర్యాంకు. వాళ్లకు హైకోర్టు తెలియదు, వకీలు తెలియదు, ఫీజుకు డబ్బు లేదు. కేసు వెయ్యలేదు. ఆ అమ్మాయికి సీటు రాలేదు. ఇద్దరిదీ ఒకే హాస్టల్, ఒకే బెంచీ, ఒకే నిబంధన. మా అమ్మాయి ఇప్పటికీ ఆ పిల్లకు ఫోన్ చెయ్యాలంటే నంబరు తీసి మళ్లీ పెట్టేస్తుంది.

జనగామ_డాక్టర్ | సెప్టెంబర్ 3, సాయంత్రం 6:25

పద్మ గారూ, ఆ చివరి మాటకు నా దగ్గర జవాబు లేదు. అది అన్యాయమే. గాజుల సంగతి తెలియక అందరినీ ఒకే గాటన కట్టాను, క్షమించండి.

హనుమకొండ_వకీలు | సెప్టెంబర్ 3, రాత్రి 9:10

కోర్టు సంగతి. పద్మ గారు తేదీలన్నీ సరిగ్గా రాశారు, నా పని తగ్గించారు.

హైకోర్టు 2023 ఆగస్టులో కూడా ఇలాంటి తీర్పే ఇచ్చింది. అప్పుడు వచ్చినవాళ్లు ఏడేళ్ల లెక్కలో కూడా పట్టనివాళ్లు, అంటే ఎక్కువ కాలం బయట చదివినవాళ్లు. శాశ్వత నివాసులను వదిలేస్తే నిబంధన రాజ్యాంగం ముందు నిలబడదు, కాబట్టి వాళ్లకు వర్తించదని చదువుకోవాలి అని హైకోర్టు అంది. నిబంధన కొట్టేయలేదు, దాని పరిధి తగ్గించి చదివింది. 2024లోనూ అదే దారిలో వెళ్లి, శాశ్వత నివాసి ఎవరో తేల్చే మార్గదర్శకాలు ప్రభుత్వమే తయారు చేసుకోవాలంది.

మొన్న సెప్టెంబర్ 1న చీఫ్ జస్టిస్ బి.ఆర్. గవాయ్, జస్టిస్ కె. వినోద్ చంద్రన్ గార్ల బెంచి ఆ తీర్పులను పక్కన పెట్టింది. 371డి, రాష్ట్రపతి ఉత్తర్వు కింద స్థానిక అభ్యర్థి ఎవరో నిర్వచించే అధికారం రాష్ట్రానికి ఉంది, నిర్వచనం స్పష్టంగా ఉంది, దాన్ని తీసేస్తే రిజర్వేషన్ అమలే కాదు అంది. ఇందులో నాకు బలంగా కనిపించేది ఒకటుంది. "శాశ్వత నివాసి" అన్న మాటను కొలవడం చాలా కష్టం. తహసీల్దార్ ఇచ్చే నివాస ధ్రువపత్రం మీద సీటు ఆధారపడితే ప్రతి సీటుకూ ఒక కేసు పడుతుంది. బడి రిజిస్టర్‌ను మార్చడం అంత తేలిక కాదు. అస్సాంలో ఏడు నుంచి పన్నెండు దాకా అక్కడే చదవాలన్న నిబంధనను కూడా సుప్రీంకోర్టు 2018లో సమర్థించింది. దారి అప్పుడే కనిపించింది.

ఇక మినహాయింపులు. తెలంగాణ ప్రభుత్వ ఉద్యోగులు, ఇక్కడి కేడర్ అఖిల భారత సర్వీసు అధికారులు, ఉద్యోగంలో చేరేటప్పుడే సొంతూరు తెలంగాణ అని రాసిన సైనికులు, కేంద్ర బలగాలవాళ్లు, రాష్ట్ర ప్రభుత్వ సంస్థల ఉద్యోగులు బయట పనిచేసిన కాలంలో పిల్లలు బయట చదివి ఉంటే, వాళ్లకు సడలింపు ఇస్తామని ప్రభుత్వం కోర్టుకు చెప్పింది. అన్నగారూ, మీ ఇంట్లో ఎవరైనా ఆ జాబితాలో ఉంటే వెంటనే చెప్పండి.

కోదాడ_నాన్న | సెప్టెంబర్ 3, రాత్రి 9:40

లేరు సార్. నాది హార్డ్‌వేర్ షాపు. మా ఆవిడ ఇంట్లోనే.

సార్, ఒక్కటే అడుగుతాను. మేం చేర్చింది జూన్. నిబంధన మారింది జూలై. చేరిపోయిన పిల్లల మీద కొత్త నిబంధన ఎలా పెడతారు? ఇది కోర్టు చూడలేదా?

హనుమకొండ_వకీలు | సెప్టెంబర్ 3, రాత్రి 10:00

పిల్లల తరఫున ఆ వాదన పెట్టారు. కోర్టు ఒప్పుకోలేదు. చట్టం దృష్టిలో ప్రవేశం జరిగే రోజున ఉన్న నిబంధనే లెక్క. ఇంటర్‌లో ఎక్కడ చేరాలన్నది మన నిర్ణయం, దానికి హామీ ఎవరూ ఇవ్వలేదు అంటారు.

కానీ వకీలుగా కాకుండా ఒక తండ్రిగా చెప్తున్నాను, ఇది సరికాదు. నాలుగేళ్లు వరుసగా చదవాలనే నిబంధన పెట్టినప్పుడు, ఆ ఏడాది తొమ్మిదిలో చేరేవాళ్లతో మొదలుపెట్టాలి. అప్పుడు ఎవరికీ నష్టం జరగదు. ఎనిమిదో తరగతి పిల్లవాడి తండ్రికి ఎటు వెళ్లాలో తెలుస్తుంది. ఇంటర్ చదువుతున్నవాడికి నిన్నటి తరగతులు మార్చుకునే వీలు లేదు. నిబంధన చెల్లుతుందా అన్నదే కోర్టు చూస్తుంది. పిల్లలకు గడువు ఇవ్వాల్సింది ప్రభుత్వం, అడగాల్సింది శాసనసభలో.

జనగామ_డాక్టర్ | సెప్టెంబర్ 3, రాత్రి 10:15

ఈ ఒక్క విషయంలో నేను పూర్తిగా మీతో ఉన్నాను. ఇక్కడి పిల్లలకు ముందు అవకాశం ఇవ్వమంటాను, 2024కు ముందే వెళ్లిపోయినవాళ్లను ఇక్కడివాళ్లు కాదనమని ఎప్పుడూ అనను. తల్లిదండ్రులందరూ కలిసి వినతిపత్రం రాస్తే ముందు సంతకం నాది.

భద్రాద్రి_గోదావరి | సెప్టెంబర్ 4, ఉదయం 8:20

మా దగ్గరి సంగతి కూడా వినండి, అందరికీ కొత్తగా ఉంటుంది. నేను ఎటపాక మనిషిని. భద్రాచలం పట్టణానికి ఆనుకునే ఉంటాం. 2014లో మా మండలాలు ఆంధ్రలో కలిపారు, భద్రాచలం పట్టణం తెలంగాణలో ఉండిపోయింది. మా రేషన్ కార్డు ఆంధ్ర, ఓటు ఆంధ్ర. పిల్లలు నడిచి వెళ్లే బడి, కాలేజీ, ఆసుపత్రి అన్నీ తెలంగాణ. మా పాప తొమ్మిది నుంచి ఇంటర్ దాకా భద్రాచలంలోనే చదివింది. వకీలు గారు చెప్పిన లెక్క ప్రకారం మా పాప తెలంగాణ లోకల్, మా రాష్ట్రంలో నాన్ లోకల్. మాకు ఇబ్బంది లేదు, ఎక్కడైనా ఒకచోట లోకలే. కానీ మా ఎదురింటి అబ్బాయిని ఆరు నుంచి పది దాకా భద్రాచలంలో చదివించి, ఇంటర్‌కు రాజమండ్రి పంపారు. ఆ పిల్లాడు ఇప్పుడు కోదాడ అన్న గారి బాబు లాగే. మేం సరిహద్దు దగ్గరకు వెళ్లలేదు, సరిహద్దే మా ఇంటి ముందుకొచ్చింది.

తెలుగు_దోహా | సెప్టెంబర్ 4, మధ్యాహ్నం 12:45

గల్ఫ్‌లో ఉన్నవాళ్ల పరిస్థితి కూడా ఇదే. మాది జగిత్యాల వైపు. మా అబ్బాయి పది దాకా ఖతార్‌లో చదివి, ఇంటర్ హైదరాబాద్‌లో చేశాడు. రెండేళ్లే లెక్కకొస్తాయి. ప్రభుత్వ ఉద్యోగులకు ఇచ్చిన మినహాయింపు కంపెనీల్లో పనిచేసే మాకు లేదు. ఇక్కడ నిర్మాణ పనులు చేసుకునేవాళ్ల పిల్లలు ఊళ్లోనే అమ్మమ్మల దగ్గర చదువుతారు, వాళ్లకు ఇబ్బంది లేదు. కుటుంబంతో వచ్చినవాళ్లకే చిక్కు.

వకీలు గారూ, మా అన్న పిల్లలు అమెరికాలో పుట్టారు, విదేశీ పౌరసత్వం ఉన్న భారత సంతతివాళ్లకు ఇచ్చే ఓసీఐ కార్డులున్నాయి. వాళ్లు నీట్ రాయొచ్చా, ఎన్ఆర్ఐ సీట్లకేనా?

హనుమకొండ_వకీలు | సెప్టెంబర్ 4, మధ్యాహ్నం 2:10

దోహా తమ్ముడూ, ఓసీఐ పిల్లలను ఎన్ఆర్ఐ సీట్లకే పరిమితం చేస్తూ 2021 మార్చి 4న కేంద్రం నోటిఫికేషన్ ఇచ్చింది. 2023 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు అది ఆ తేదీ తర్వాత పుట్టినవాళ్లకే వర్తిస్తుందని చెప్పింది. అంతకుముందు పుట్టిన పిల్లలకు పాత హక్కులే. చూశారా, అక్కడ కోర్టు "ముందు నుంచి ఉన్నవాళ్లను కదపవద్దు" అంది. కోదాడ అన్న అడిగింది కూడా అదే. అయితే ఓసీఐ అర్హత వేరు, రాష్ట్రంలో లోకల్ కావడం వేరు. నాలుగేళ్ల లెక్క అందరికీ ఒకటే.

సూర్యాపేట_టీచర్ | సెప్టెంబర్ 4, సాయంత్రం 7:30

నేను ప్రభుత్వ జూనియర్ కాలేజీలో లెక్చరర్‌ని. తీర్పు వచ్చిన దగ్గర నుంచి మా ఆఫీసు రూముకు తల్లిదండ్రులు వస్తూనే ఉన్నారు. ఒక హెచ్చరిక చెయ్యాలి.

పేరు ఇక్కడి కాలేజీలో, పిల్లవాడు మాత్రం విజయవాడలోనో రాజస్థాన్‌లోని కోటాలోనో కోచింగ్‌లో. దీన్నే డమ్మీ అడ్మిషన్ అంటారు. ఇప్పుడు ఈ తీర్పు చూపించి కొంతమంది ఏజెంట్లు అదే అమ్ముతున్నారు. హాజరు మేం చూసుకుంటాం, స్టడీ సర్టిఫికెట్ ఇప్పిస్తాం అంటారు. దయచేసి ఆ దారి తొక్కవద్దు. సర్టిఫికెట్ తప్పని తేలితే పోయేది ఒక్క సీటు కాదు. మూడో ఏడాదిలో కూడా అడ్మిషన్ రద్దవుతుంది, క్రిమినల్ కేసు పిల్లవాడి పేరు మీద వస్తుంది. పదహారేళ్ల పిల్లవాడిచేత అబద్ధంతో చదువు మొదలుపెట్టించవద్దు.

రెండోది, నిజంగా ఇక్కడే చదివిన పిల్లలు కూడా కాగితాల దగ్గర దెబ్బతింటున్నారు. నిరుడు ఒక అమ్మాయి తొమ్మిదో తరగతి చదివిన ప్రైవేటు బడి మూతపడింది. ఆ ఏడాది స్టడీ సర్టిఫికెట్ ఎవరివ్వాలి? మండల విద్యాధికారి ఆఫీసులో పాత రికార్డు వెతికించి సంతకం చేయించేసరికి పదకొండు రోజులు పట్టింది. కౌన్సెలింగ్‌కు ముందు రోజు చేతికొచ్చింది. కాబట్టి ఆరో తరగతి నుంచి ఏ ఏడాదికి ఆ ఏడాది స్టడీ సర్టిఫికెట్ తీసి ఫైల్లో పెట్టుకోండి. పేరు, ఇంటిపేరు, పుట్టిన తేదీ అన్నిట్లో ఒకేలా ఉన్నాయో లేదో చూడండి. ఒక దాంట్లో ఇంటిపేరు ముందు, ఇంకో దాంట్లో వెనక ఉండి ఎంత టెన్షన్ పడ్డారో కళ్లారా చూశాను.

ఖమ్మం_పద్మ | సెప్టెంబర్ 4, రాత్రి 8:15

టీచర్ గారూ, ఒకవేళ కాగితాలన్నీ సరిగ్గా ఉన్నా అవతలివాళ్ల తప్పు వల్ల సీటు పోతే? మా దూరపు బంధువుల అబ్బాయికి కుల ధ్రువీకరణ పత్రం సరిగ్గానే ఉన్నా వెరిఫికేషన్‌లో ఓసీలో వేశారు.

హనుమకొండ_వకీలు | సెప్టెంబర్ 4, రాత్రి 9:00

పద్మ గారూ, అలాంటప్పుడు కోర్టు తలుపు తట్టాల్సిందే. ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్లిన కృష్ణ శ్రద్ధ కేసు ఉంది. 2019 డిసెంబర్‌లో ముగ్గురు జడ్జిల బెంచి తీర్పు. పిల్లల తప్పు లేకుండా, అధికారుల తప్పు వల్ల ఎంబీబీఎస్ సీటు పోతే, ఆలస్యం చెయ్యకుండా కోర్టుకు వస్తే, గడువు దాటినా అరుదైన సందర్భాల్లో ఒకటి రెండు సీట్లు పెంచి అయినా ఇవ్వొచ్చు. లేదంటే మరుసటి ఏడాది సీటు ఇవ్వాలి. నష్టపరిహారం కూడా ఇవ్వొచ్చు. అంతకుముందు "గడువు అయిపోయింది, పరిహారం తీసుకొని వెళ్లు" అనేవారు.

ఇందులో ప్రాణం "ఆలస్యం చెయ్యకుండా" అన్న మాటలో ఉంది. జాబితాలో తప్పు కనిపించిన రోజే యూనివర్సిటీకి రాతపూర్వకంగా అభ్యంతరం పెట్టండి, ఈమెయిల్ కూడా చెయ్యండి, కాపీ ఉంచుకోండి. జవాబు కోసం పది రోజులు ఎదురుచూడవద్దు. రెండు మూడు రోజుల్లో జవాబు రాకపోతే హైకోర్టులో రిట్ పిటిషన్ వెయ్యండి. ఫోన్‌లో ఎవరో "చూస్తాం" అన్నారని ఆగినవాళ్లే ఎక్కువ నష్టపోయారు. ఫీజు కట్టలేనివాళ్లు హైకోర్టు న్యాయసేవల కమిటీకి వెళ్లండి. ఆడవాళ్లకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం చట్టంలోనే ఉంది. సత్తుపల్లి అమ్మాయికి ఈ మాట ఎవరూ చెప్పలేదు.

ఖమ్మం_పద్మ | సెప్టెంబర్ 4, రాత్రి 9:10

అవును సార్. నాకు కూడా అప్పుడు తెలియదు. తెలిసి ఉంటే నేనే చెప్పేదాన్ని.

బైపీసీ_బెజవాడ | సెప్టెంబర్ 7, ఉదయం 9:30

నేను విజయవాడ హాస్టల్లో ఉంటాను, సెకండియర్. మాది మిర్యాలగూడ. ఆదివారం ఔటింగ్‌కు మామయ్య వాళ్లింటికి వచ్చి రాస్తున్నాను. కోదాడ అంకుల్, మీరు మీ బాబుకి చెప్పలేదని రాశారు. మా ఫ్లోర్‌లో తెలంగాణ పిల్లలందరికీ తీర్పు వచ్చిన రోజే తెలిసిపోయింది. మీ బాబుకి కూడా తెలిసే ఉంటుంది. ఆ రాత్రి స్టడీ అవర్‌లో ఎవరూ పుస్తకం తెరవలేదు. అందరం ఒకటే అనుకున్నాం, ఇంట్లో వాళ్లకు తెలిస్తే బాధపడతారు, మనం చెప్పొద్దు అని. మీరు వాడికి చెప్పడం లేదు, వాడు మీకు చెప్పడం లేదు. మా నాన్న నిన్న ఫోన్‌లో చెప్పేశారు. ఇద్దరం ఏడ్చాం. కానీ నిన్న రాత్రి బాగా నిద్ర పట్టింది. చెప్పెయ్యండి అంకుల్.

కోదాడ_నాన్న | సెప్టెంబర్ 7, ఉదయం 10:05

తల్లీ, నువ్వు చెప్పింది చదివి బస్టాండుకు బయల్దేరుతున్నాను. మధ్యాహ్నానికి హాస్టల్ దగ్గర ఉంటాను.

హనుమకొండ_వకీలు | సెప్టెంబర్ 7, ఉదయం 10:30

అన్నా, వెళ్లేముందు ఇది చదవండి, బాబుతో మాట్లాడేటప్పుడు పనికొస్తుంది. తలుపులన్నీ మూసుకోలేదు. సర్కారు మెడికల్ కాలేజీల సీట్లలో 15 శాతం అఖిల భారత కోటా ఉంది, దానికి లోకల్ లెక్క లేదు. దేశంలో ఏ రాష్ట్రంలోనైనా ర్యాంకును బట్టి రావొచ్చు. బీబీనగర్, మంగళగిరి ఎయిమ్స్‌తో సహా అన్ని ఎయిమ్స్‌లకూ, పుదుచ్చేరి జిప్మర్‌కూ ప్రవేశం నీట్‌తోనే. ఇక్కడి ప్రైవేటు కాలేజీల బీ కేటగిరీని, అంటే యాజమాన్య కోటా సీట్లను మాత్రం నమ్ముకోవద్దు. అందులోనూ 85 శాతం స్థానికులకే అని 2022లో జీవో ఇచ్చారు.

సూర్యాపేట_టీచర్ | సెప్టెంబర్ 7, ఉదయం 11:00

మా కాలేజీలో ఎప్‌సెట్ ద్వారా అగ్రికల్చర్, ఫార్మసీ వైపు వెళ్లే బైపీసీ పిల్లలు కూడా ఇదే అడుగుతున్నారు. ఎప్‌సెట్‌తో నిండే ఇంజనీరింగ్ లాంటి కోర్సుల్లో ఈ ఏడాది ఫిబ్రవరిలో వచ్చిన జీవో 15 ప్రకారం 85 శాతం స్థానికులకు పోగా, మిగతా 15 శాతానికి తల్లిదండ్రులు రాష్ట్రంలో పదేళ్లు నివసించి ఉంటే పిల్లలు పోటీ పడొచ్చు. కోదాడ అన్నకు పదేళ్లు కాదు, మూడు తరాల నివాసం ఉంది. తహసీల్దార్ దగ్గర ధ్రువపత్రం ఇప్పుడే తీసుకోండి, జూన్‌లో అందరూ ఒకేసారి మీసేవకు వెళ్తారు.

కోదాడ_నాన్న | సెప్టెంబర్ 7, రాత్రి 10:50

ఇప్పుడే ఇంటికొచ్చాను. అమ్మాయి చెప్పినట్టే వాడికి అన్నీ తెలుసు. హాస్టల్ ఎదురుగా హోటల్లో కూర్చుని మాట్లాడుకున్నాం. "నాన్నా, తప్పు మీది కాదు, ఇక్కడికి వస్తానని ఏడ్చింది నేనే" అన్నాడు. వకీలు గారు రాసిందంతా చూపించాను. అఖిల భారత కోటాకు ఎన్ని మార్కులు కావాలో వాడే నాకు చెప్పాడు. 720కి ఎంత రావాలో గోడ మీద రాసి పెట్టుకున్నాడట. అక్కడే చదువుతానన్నాడు. మార్చడం లేదు.

మా చిన్నది ఇప్పుడు ఎనిమిదో తరగతి. వచ్చే ఏడు తొమ్మిది. దాన్ని కూడా విజయవాడ పంపుదామని అడ్వాన్సు కట్టి ఉంచాను. రేపు వెళ్లి ఆ డబ్బు వెనక్కి అడుగుతాను. ఇంటర్ దాకా కోదాడలోనే.

డాక్టర్ గారూ, వినతిపత్రం రాస్తే నేను మా ఊళ్లో సంతకాలు తీసుకొస్తాను. మా ఒక్క బజారులోనే పదహారు ఇళ్లున్నాయి.

జనగామ_డాక్టర్ | సెప్టెంబర్ 7, రాత్రి 11:10

శనివారం డ్యూటీ లేదు. వకీలు గారు ముసాయిదా రాస్తే నేను కోదాడ వస్తాను.

హనుమకొండ_వకీలు | సెప్టెంబర్ 8, ఉదయం 6:40

రాస్తున్నాను. 2024 జూలై 19 నాటికే బయట ఇంటర్‌లో చేరిన పిల్లల జాబితా కావాలి: పేరు, చేరిన తేదీ, ఆరు నుంచి పది దాకా చదివిన ఊరు. ఇక్కడ పోస్టు చెయ్యకండి, నాకు విడిగా పంపండి. పద్మ గారూ, సత్తుపల్లి వాళ్లను కూడా అడగండి.

ఖమ్మం_పద్మ | సెప్టెంబర్ 8, ఉదయం 7:20

అడిగాను సార్. మా అమ్మాయే ఫోన్ చేసింది.